పరవశింపని శ్రోత

భజనగోష్ఠి యందు తన్మయులగుటకు అందఱికిని అధికారము కలదు. పాడువాడు కన్నులు మూసికొనవచ్చును. మృదంగము వాయించువాడు తలయూపుచు తాళమునకు ముందొకింత పరుగెత్తి మరల వెనుకకు రావచ్చును. ద్వారబంధమున కానుకొని కూర్చున్న ముదుసలి, పాటలోని మాట ఒక్కటియు అర్థము కాకున్నను, కొంగుతో కన్నులొత్తుకొనవచ్చును. ఆ గోష్ఠిలో ఈ స్వాతంత్ర్యము లేనివాడు ఒక్కడే; వాడు పాటను వ్రాసికొనుచున్నవాడు. ఆతడు ఒక్క క్షణము పరవశించెనా, ఆ క్షణమున గాయకుని కంఠమున పుట్టిన సంగతి మరల ఎవరికిని దక్కదు.

దస్తావేజునకు లేఖరి, గ్రామపు లెక్కకు కరణము ఉండినట్లు, దివ్యగానమును వ్రాసియుంచుటకు ఒక ప్రత్యేకవృత్తి మన దేశమున ఎన్నడును స్థిరపడలేదు. దానికి మాన్యములు లేవు, మిరాసీ లేదు, రిజిస్ట్రారు కచేరీల యెదుట బల్ల వేసికొని కూర్చుండుటకు చోటును లేదు. అయినను అట్టి వృత్తి యొకటి కలదని భావించుకొనుట నాకు చిరకాలముగా అలవాటు. చరిత్రలో అక్కడక్కడ, ఒకచోట నేతవారి బిడ్డగా, ఒకచోట కొడుకుగా, ఒకచోట సర్కారు ఉద్యోగిగా కనబడు కొందఱిని ఏరి తెచ్చి, వారందఱును ఒకే వ్రతము పట్టినవారని, ఒకరి నొకరు ఎఱుగకయే ఒకే నియమమును పాటించినవారని నాలో నేను అనుకొనుచుందును. ఆ నియమము కఠినమైనది: అందఱికిని ఆనందము నందీయదలచినవాడు తన పాలి ఆనందమును ముందుగా వదలుకొనవలెను.

వారిలో నాకు మిక్కిలి ఇష్టుడు వాలాజాపేట వేంకటరమణ భాగవతారు. 1781లో పుట్టి 1874 వఱకు జీవించిన ఈయన సౌరాష్ట్రుడు. ఆయన కులమువారికి నేత కులవృత్తి. కావేరీతీరమున తిరువయ్యారులో త్యాగరాజస్వామి కీర్తనలు పాడుచుండగా ఆయన పాదములకడ కూర్చుండి నేర్చినవారు ఎందఱో కలరు. ఉమయాళ్పురమువారని, తిల్లస్థానమువారని, వాలాజాపేటవారని మూడు శిష్యపరంపరలు నేటికిని లెక్కింపబడుచున్నవి. కాని గురువుగారి పాటలను స్వరసహితముగా తెలుగులిపిలో వ్రాసి, గురువుగారి గ్రంథములను గూడ పదిలపఱచి, తరువాతి తరములకు ఒక నిధిగా విడిచిన కీర్తి వేంకటరమణ భాగవతారుదియు, ఆయన కుమారుడు కృష్ణస్వామి భాగవతారుదియు. ఆ వ్రాతప్రతులు మధురలోని సౌరాష్ట్రసభకు చేరినవి. తమ ఇంట మాటలాడుకొను భాష ఒకటి, ఊరి భాష మఱియొకటి, వ్రాసిన భాష తెలుగు. ఒక తెలుగువాగ్గేయకారుని వాక్కును తెలుగుదేశమునకు దూరమున, తెలుగు మాతృభాష గానివారు కాపాడిరని తలచినప్పుడెల్ల, మనము ఆ ఋణమును తగినంతగా గుర్తింపలేదని నాకు తోచును.

తాటాకుపై గంటముతో వ్రాయుట ఎట్టిదో ఒకింత ఊహించుకొనవలెను. అది వ్రాయుట కంటె గీయుట అనదగినది. ఆకు నారవెంట చీలకుండ, ఒత్తిడి హెచ్చి ఆవలికి దిగకుండ, తగ్గి గీత పడకపోకుండ ఒక్కొక్క అక్షరమును తిప్పుకొని రావలెను. అటుపై మసి పూసి తుడిచినగాని అక్షరము కంటికి స్పష్టముగా ఆనదు. అనగా వ్రాయుచున్నంతసేపును లేఖకుడు తన వ్రాతను తాను సరిగా చూడజాలడు. ఇంతటి మందగమనముగల సాధనముతో, త్యాగరాజస్వామి ఒక పల్లవి నెత్తికొని సంగతిపై సంగతి వేసి పెంచుచుండగా, ఆ ప్రవాహమును వెంటనంటి వ్రాయుట మానవమాత్రునకు సాధ్యము గాదు. కావున లేఖకుడు మొదట పాటనంతయు తనలో నిలుపుకొని, గోష్ఠి ముగిసి అందఱును లేచిపోయిన పిమ్మట, లేక మఱునాటి ఉదయమున, ఆ నిలిచినదానిని ఆకుపై దించవలెను. నిలుపుకొనుట యనగా అనుభవించుట గాదు. రెండవ సంగతికిని మూడవ సంగతికిని భేద మెక్కడ వచ్చెనో, గాంధారము ఎన్ని అక్షరకాలములు నిలిచెనో, పాదము చివర స్వామి శ్వాస విడిచిన చోటేదో, ఇవన్నియు లెక్కించుచున్న బుద్ధికి, రాముడు ఎదుట నిలిచినను చూచుటకు తీరిక యుండదు. తోటి శిష్యులు కన్నీరు నించుచుండగా ఈతడు పొడికన్నులతో కూర్చుండియుండును. వీని హృదయము శిల యని ప్రక్కవాడు అనుకొనినను ఆశ్చర్యము లేదు.

మఱియొక కష్టము కలదు. "స్వామీ, ఆ సంగతి మరల ఒక్కసారి దయచేయుడు" అని అడుగుటకంటె భక్తుడైన గాయకునియెడ అపచారము లేదు. ఉపాసనగా వచ్చిన పాట అడిగినంతమాత్రమున తిరిగి రాదు. వచ్చినను అది పాఠమగునుగాని ఆనాటి పాట గాదు. కావున మా వృత్తివాడు (నేను ఊహించిన వృత్తి గనుక 'మా' యను స్వాతంత్ర్యమును తీసికొనుచున్నాను) అడుగరానివాడై, వ్రాయలేని వేగముతో పోవుచున్నదానిని, చూడరాని అక్షరములతో పట్టవలసినవాడు.

క్రైస్తవలోకమున గ్రెగొరీ పోపును గూర్చి యొక కథ చెప్పుకొందురు. ఆయన తెరవెనుక కూర్చుండి వాక్యములను పలుకుచుండగా తెర కీవల లేఖకుడు మైనపు పలకపై వ్రాసికొనుచుండెనట. నడుమ నడుమ ఆయన మౌనము దీర్ఘమగుచుండుటచే లేఖకునికి కుతూహలము పుట్టి, చేతనున్న గంటముతో తెరను పొడిచి, ఆ రంధ్రమునుండి చూడగా, ఒక పావురము ఆయన భుజముపై వ్రాలి నోటికడ నోరుంచి రహస్యము చెప్పుచుండెనట. యూరపులోని ప్రాచీన సంగీతగ్రంథములలో ఈ పావురమును, ఈ లేఖకుని చిత్రించుట పరిపాటి అయ్యెను. ఆ మఠములలో పాడు గానమంతయు అట్లు దిగివచ్చినదని వారి విశ్వాసము. కథ నిజమా యని నే నడుగను. నాకు నచ్చినది ఆ రంధ్రము. వ్రాయుటకై యిచ్చిన గంటమును చూచుటకై వాడుకొన్నప్పుడు వ్రాత ఆగినది. ఆ ఒక్క క్షణము లేఖకుడు తన వ్రతమును తప్పి సామాన్యభక్తుడైనాడు. ఆతనిని నేను తప్పుపట్టజాలను; వాలాజాపేట భాగవతారునకును అట్టి క్షణములు ఉండియే యుండును, అవి తాటాకుపై కనబడవు, అంతే.

సికింద్రాబాదున నివసించువానికి ఈ విషయము దూరపు ముచ్చట గాదు. మూడవ నిజాము సికందర్ జా పేర 1806లో ఏర్పడిన ఈ దండుబజారునందు మొదటినుండియు రెండు విధములైన సంగీతములు ఒకదాని మొగ మొకటి చూడక ప్రక్కప్రక్కన బ్రదికినవి. కవాతు మైదానమున పటాలపు బ్యాండువారు ముందు కాగితము పెట్టుకొని వాయించెడివారు. ఆ వరుసను జన్మలో వినని సిపాయి గూడ ఐదు గీతలపై నెక్కించిన చుక్కలను చూచి దానిని పలికింపగలిగెను. 1813 నాటి సెయింట్ జాన్ దేవాలయమున ఆంగ్లభాషలో పాడినవారి స్తోత్రములకును అట్టి లిపియే ఆధారము. అదే వేళ బజారులోని భజనమందిరములలో రామదాసు కీర్తన కంఠమునుండి కంఠమునకు పోవుచుండెను. దానికి కాగితముతో పనిలేదు. తెలుగు క్రైస్తవులు ఈ రెంటికిని నడుమ నొక త్రోవను కనుగొనిరి. ఆంధ్ర క్రైస్తవ కీర్తనల పుస్తకమును విప్పి చూడుడు: పాట నెత్తిన రాగము పేరును తాళము పేరును ముద్రింపబడియుండును, స్వరము మాత్రముండదు. ఇదే ఊరి గురుద్వారమున ప్రతిష్ఠింపబడియున్న గ్రంథమును ఇట్టిదే. 1604లో గురు అర్జునదేవులు చెప్పుచుండగా భాయీ గురుదాసు వ్రాసిన ఆదిగ్రంథము రాగములను బట్టి విభజింపబడినది. ఏ పదమును ఏ రాగమున పాడవలెనో చెప్పును, ఎట్లు పాడవలెనో చెప్పదు.

స్వరమును ఏల విడిచిరి? వ్రాయుట చేతగాక విడిచిరనుట సరిగాదు. సామగానమునకు అక్షరములపై అంకెలు వేసిన దేశమిది. పుదుక్కోట సీమలో కుడుమియామలై కొండఱాతిపై ఒక మాహేశ్వరుడైన రాజు శిష్యుల మేలుకొఱకు స్వరపంక్తులను చెక్కించి వేయేండ్లకు పైబడినది. చేతనై యుండియు విడిచిన దానికి కారణము వేఱుండవలెను. ఆ కారణము నాకు తిరుమలలో దొరకినట్లు తోచును.

తాళ్లపాక అన్నమాచార్యులు 1424 మొదలు 1503లో దేహము చాలించు వఱకు వేంకటేశ్వరునిపై సంకీర్తనలు చెప్పెనని రాగిరేకులే చెప్పుచున్నవి. ఆయన కుమారుడు పెదతిరుమలాచార్యులు ఆ పాటలను రాగిపై చెక్కించు మహాకార్యమునకు పూనుకొనెను. ముప్పదిరెండువేల సంకీర్తనలని సంప్రదాయము చెప్పును. మనకు దక్కినవి 12,000కు పైబడి యున్నవి. తాటాకును నమ్మక, పురుగు తినని, తేమకు చివుకని లోహమును ఎన్నుకొని, దేవాలయమున సంకీర్తన భాండారమను గదిని కట్టి దాచిన ఆ లేఖకవంశము పాటపైన రాగము పేరు వేసి ఊరకుండెను. ఆ పాటలకు స్వరము చెక్కింపలేదు. 1920 తరువాత ఆ రేకులు వెలుగులోనికి వచ్చి, వేటూరి ప్రభాకరశాస్త్రిగారి వంటి పండితులు వానిని పరిష్కరించి ప్రకటింపగా, మాట మనకు లభించెను, వరుస లభింపలేదు. కొండమలహరి అని యుండును, అమరసింధు అని యుండును. ఆ రాగముల నడక నేడు ఎవరికి తెలియును? రాళ్లపల్లి అనంతకృష్ణశర్మగారు తమ సంగీతపాండిత్యమునంతయు వినియోగించి పెక్కు సంకీర్తనలకు క్రొత్తగా వరుసలు కూర్చి స్వరపఱచిరి. ఆ పని చేసినది మహనీయుడే, ఆ వరుసలును రమ్యములే, కాని అవి రాళ్లపల్లివారివి.

పెదతిరుమలాచార్యుని మనస్సును నే నిట్లు చదువుకొందును. ఆ యింట అందఱును పాడువారే. తండ్రి పాడెను, తాను పాడెను, కుమారుడు చినతిరుమలాచార్యుడు పాడెను. వంటయింటిలో కొండమలహరి, పెరటిలో ముఖారి. మాట మఱపునకు రావచ్చును, ఒక చరణము జాఱిపోవచ్చును. రాగము పోవుట యెట్లు? గాలి ఉన్నంతకాలము అదియు ఉండును గదా యని తలచియుండును. లేఖకుడు తాను మఱచిపోదునని భయపడినదానిని వ్రాయును. లోకమెన్నడును మఱవదనుకొన్నదానిని వ్రాయక విడుచును. కాలము వచ్చి సరిగా ఆ విడిచినదానినే పట్టుకొనిపోయెను. రాగి నిలిచినది, గాలి చెదరినది.

ఈ అపాయమును కన్నులార చూచినవారు పందొమ్మిదవ శతాబ్దాంతమున ఇద్దఱు కనబడుదురు. ఒకరు చెన్నపట్టణమున సర్కారు కొలువునందుండిన ఏ. ఎం. చిన్నస్వామి మొదలియారు. మన కీర్తనలను ఐదుగీతల పాశ్చాత్యలిపిలోనికి ఎక్కించి 1892 ప్రాంతమున ప్రకటింప నారంభించెను. కృష్ణస్వామి భాగవతారు, తండ్రి వ్రాసినదానిని కంఠమున నిలిపినవాడు, ఆయనకు పాడి వినిపించెను. అనగా తాటాకుపై వ్రాత కంఠములోనికి మరలి, కంఠమునుండి చుక్కలలోనికి మారెను. ఆ చుక్కలను తీర్చి తీర్చి మొదలియారు కంటిచూపు చెడెను. అయినను తన పనితో ఆయనకు తృప్తి గలుగలేదు. ముత్తుస్వామి దీక్షితుల వంశమువాడగు సుబ్బరామ దీక్షితులకడ ఉన్న సంపద వెలికి రావలెనని పట్టుపట్టి, ఎట్టయపురము ప్రభువుచే చెప్పించెను. వంశధనమును బజారున పెట్టుటకు మొదట సంకోచించిన ఆ వృద్ధుడు తుదకు అంగీకరించి పూనిన కార్యమే 1904లో ఎట్టయపురము విద్యావిలాసినీ ముద్రాక్షరశాలనుండి వెలువడిన సంగీతసంప్రదాయప్రదర్శిని.

ఆ గ్రంథమును చూచినప్పుడు నాకు గల గౌరవము దాని పరిమాణమును బట్టి గాదు, అందు ముత్తుస్వామి దీక్షితుల కృతులు 229 ఉన్నవనియు గాదు. తమిళదేశపు నడిబొడ్డున తెలుగులిపిలో ముద్రింపబడిన ఆ పుటలలో స్వరాక్షరముల నెత్తిన చీమలవలె ప్రాకుచుండు చిన్నచిన్న గుర్తులను బట్టి. కంపితమునకు ఒక గుర్తు, స్ఫురితమునకు ఒక గుర్తు, నొక్కునకు ఒకటి, జారునకు ఎక్కునది వేఱు, దిగునది వేఱు, రవకు, వళికి, ఖండింపునకు వేర్వేఱు గుర్తులు. స-రి-గ-మ యని వ్రాసినంతమాత్రమున పాట రాదనియు, రెండు స్వరముల నడుమ ఉన్న త్రోవయే మన సంగీతమనియు ఎఱిగినవాడు మాత్రమే ఆ త్రోవకు లిపి కల్పింప సాహసించును. అందఱును గాలియనుకొని విడిచినదానిని ఈయన పట్టి అచ్చులో పోసెను. అరువదియైదేండ్ల వయసున, ప్రతి గుర్తును తన కంఠమున సరిచూచుకొని, తప్పు దిద్ది, మరల చూచుకొను ఆ మనుష్యునకు తన పెదతండ్రుల పాట ఎన్నిమార్లు కేవలము పాటగా వినబడియుండును? ఎన్నిమార్లు కేవలము గుర్తులుగా వినబడియుండును? ఈ ప్రశ్న నన్ను బాధించును. అయినను ఆ బాధయే ఆయన మనకు చేసిన దానము వెల.

సికింద్రాబాదులోని ప్రభుత్వ సంగీతనృత్య కళాశాలకు భక్తరామదాసు పేరు పెట్టిరి. తానాషా కాలమున గోలకొండ చెఱలో కూర్చుండి పాడెనని లోకము చెప్పుకొను కంచెర్ల గోపన్న స్వరము వ్రాసికొనలేదు, వెంట వ్రాసినవాడును లేడు; ఆయన పేరిటి కళాశాలలో సర్టిఫికెటు తరగతి బాలికలు గళ్ల పుస్తకములలో ఆదితాళమునకు నిలువుగీతలు గీసి ఆయన కీర్తనకే స్వరము వ్రాసికొనుచుందురు. ఇందు పరిహాసమేమియు నాకు కనబడదు. ఆ బాలికలు పెన్సిలు కొరుకుచు, ఒక జారుకు ఏ గుర్తు వేయవలెనో తోచక, దానిని ఒక వంకరగీతగా గీసి, ప్రక్కన 'అమ్మగారిని అడుగవలెను' అని వ్రాసికొన్న పుటను నేను చూచితిని. ఆ వాక్యము సుబ్బరామ దీక్షితుల ఏ గుర్తుకును తీసిపోదు. తెలియనిచోట తెలియదని వ్రాయుట లేఖకధర్మము. మన ప్రాచీన ప్రతిలేఖకులు గ్రంథాంతమున, చూచినది చూచినట్లు వ్రాసితిని, దోషమున్న నాది గాదని వేడుకొనుటలోని వినయమును ఇదియే.

ఇక యంత్రముల మాట. పద్మారావునగరు స్కందగిరి గుడిలో భజన జరుగునప్పుడు ఫోనులెత్తి పట్టినవారు పెక్కుమంది కానవత్తురు. వారును పరవశింపరు, కాని నా లేఖకునికిని వారికిని భేదము కలదు. లేఖకుడు పరవశమును మానినది వినుటకొఱకు. ఫోను పట్టినవాడు వినుటను గూడ ఫోనునకే అప్పగించెను. ధ్వని దాచబడినది, మంచిదే. త్యాగరాజస్వామి కాలమున ఆ యంత్రముండిన మన మెంత ధన్యులమో! అయినను దాచిన ధ్వనిని నాలుగుమార్లు విని ఇది రిషభము, ఇది దాని నీడ యని వేఱుచేయువాడు లేనియెడల, అది తాళము చెవి పోయిన పెట్టె.

ఈ ఊరిలోనే నేడు అట్టి లేఖకుడు కావలసిన చోటొకటి కలదు. ఆషాఢమున ఉజ్జయినీ మహాకాళి బోనాల మఱునాడు సోమవారము రంగమను వేడుక జరుగును. పచ్చికుండపై నిలిచి పూనకముతో అమ్మవారి మాటగా భవిష్యవాణి చెప్పు స్త్రీ యెదుట విలేకరులు గుంపుగూడి ప్రతి పలుకును వ్రాసికొందురు. వానలు పడునా, పంటలు పండునా, అమ్మకు కోపము తీరెనా, సర్వమును మఱునాటి పత్రికలో పడును. వ్రాసికొనువారికి కొఱత లేదు. కాని ఉత్సవమంతయు నడిపినది, పోతరాజును ఆడించినది, ఫలహారపు బండ్ల ముందు జనమును ఊపినది, ఒక్కొక్క మనిషిలోనికి పూనకమును దింపినది డప్పు. ఆ దరువులను ఎవరు వ్రాసిరి? ఊరేగింపున నడక కొక దరువు, పోతరాజు కొరడా విసరునప్పుడు ఒకటి, పూనకము వచ్చుచున్నదని కనిపెట్టి వేగము పెంచునప్పుడు ఒకటి. ఎడమచేతి సన్నని పుల్లకును కుడిచేతి పుల్లకును ఉన్న సంవాదము మృదంగపు జతులకంటె తక్కువ సూక్ష్మమైనది గాదు. పండితులు దానిని తక్కువచూపు చూచి వ్రాయలేదు. ఇది మన విద్వల్లోకమునకు తగని పక్షపాతమని నిర్మొగమాటముగ చెప్పవలసియున్నది. వాయించువారు మాత్రము తాళ్లపాకవారివలెనే, బస్తీలో పిల్లవానికి గూడ వచ్చునుగదా యని వ్రాయలేదు.

ఆ పిల్లవాండ్రు ఇప్పుడు చదువులకు, కొలువులకు పోవుచున్నారు, పోవలసినదే. ఊరేగింపులలో పెద్దపెద్ద స్పీకర్ల డీజే బండ్లు డప్పువారిని వెనుకకు నెట్టుచున్నవి. మాట వ్రాసి ధ్వనిని విడిచిన పాతపొరపాటు మన కన్నులయెదుట, ప్రతి యేటను పత్రికలలో, మరల జరుగుచున్నది. బోనాల సమయమున ఒక బుద్ధిమంతుడు, డప్పువారి యిండ్లలో పుట్టినవాడైన మఱియు మేలు, వేపమండలకు, పసుపునీటికి, జనసమ్మర్దమునకు నడుమ, అందఱును ఊగుచుండగా తానొక్కడు ఊగక నిలిచి, ఏ దెబ్బ అంచుపై పడెనో, ఏది నడుమ పడెనో లెక్కించుకొనవలెను. వానికి ఆ యేడు అమ్మవారు కనబడదు. వచ్చు యేడును కనబడదు. దరువుల పుస్తకము పూర్తియగు వఱకు జీతమిచ్చి పోషించుటకు కళాశాలయో, అకాడమీయో ముందునకు వచ్చునేని, ఉద్యోగమునకు అర్హతగా నేను కోరునది ఒక్కటే: పూనకము రాగల మనిషియై, రానీయక నిలువగలవాడై యుండవలెను.